మేకలు నాకిన కొండ

రోహిణి కార్తె, పదకొండో రోజు

గాలి పడమర నుంచి. మబ్బు లేదు. ఉప్పు బస్తాలు నలభై రెండు. గీత మీద మార్పు లేదు.

సర్కారు పుస్తకంలో రాయవలసినవి ఈ నాలుగు ముక్కలే. రాసి సంతకం పెట్టాను. మిగతాది ఈ రెండో పుస్తకంలో రాసుకుంటాను. ఇది నేను సొంతంగా కుట్టుకున్నది, దీనికి పై అధికారి లేడు.

మార్పు లేదన్నది అబద్ధం. కిందటి వారానికీ ఇవాళ్టికీ తూర్పు వాలు గండి అంచు జానెడు వెనక్కి వచ్చింది. కొండ మీద పారే గుమ్మేటిని అందుకోవడానికి దానికి ఇంకా రెండు బారలే మిగిలింది. ముప్ఫై ఒక్క ఏళ్ళ కిందట నేను మొదలుపెట్టినప్పుడు నూట పది బారలుండేది.

నేనుండేది అడ్డుకొండల్లో మూడో కనుమ దగ్గర, కాపలా గుడిసెలో. పడమట మాగేరు, తూర్పున వెలిగేరు, రెండు నదులూ ఒకదాని మొహం ఒకటి చూసుకోకుండా మధ్యలో ఇవి అడ్డంగా పడుకున్నాయి. పడమటి వాలు మెత్తగా దిగుతుంది, భోంచేసి మంచం మీద ఒరిగినవాడి పొట్టలాగ. తూర్పు వాలు నిలువు, అదే మంచం మీంచి జారిపడ్డవాడి దారిలాగ. రెండూ కలిసేచోట గీత. గీతకి అవతల పడ్డ చినుకు అవతలి లోయది, ఇవతల పడ్డది ఇవతలి లోయది. వానలు తమంతట తాము పడే రోజుల్లో ఇది ఎవరికీ పట్టని సంగతి అయి ఉంటుంది. ఇప్పుడు వానలకి వంతులున్నాయి. వంతు వచ్చిన రోజున నేను మబ్బుగొట్టంలో ఉప్పు పోస్తాను, గొట్టం దాన్ని పైకి ఊదుతుంది, మబ్బు వచ్చి బరువు దించుకుని పోతుంది.

బస్తాకి గుప్పెడు ఉప్పు మిగులుతుంది. మిగులుతుందంటే, నేను మిగులుస్తాను. సాయంత్రం దాన్ని గండి అంచు మీద చల్లుతాను. నా మేకలు పదిహేడూ వచ్చి నాకుతాయి. ఉప్పు నేలలోకి ఇంకిన చోట గిట్టలతో గోకి మరీ నాకుతాయి. గోకిన మట్టిని తర్వాతి వాన తీసుకుపోతుంది. మేకకి ఈ జన్మలో ఇంతకంటె పెద్ద పని ఎవరూ అప్పజెప్పి ఉండరు.

మృగశిర కార్తె, రెండో రోజు

ఎండ. గీత మీద మార్పు లేదు (పై మాటే).

నాకు చదువు చెప్పినవాడు లేడు. ఒక బస్తా అడుగున దొరికిన భూగోళం పుస్తకమే గురువు. దానికి మొదటి అరవై రెండు పేజీలూ లేవు. అందుచేత భూమి గుండ్రంగా ఉంటుందన్న సంగతి నాకు కొంచెం ఆలస్యంగా తెలిసింది, అదీ ఒక తపాలా మనిషి చెబితే. అరవై మూడో పేజీ మాత్రం నాకు నోటికి వచ్చు. ఒక కొండకి రెండు పక్కలా రెండు ఏర్లుంటే, నిలువు పక్కనున్న ఏరు తన తలవైపుకి కొండను కొరుక్కుంటూ పోయి, ఒకనాటికి అవతలి ఏటిని అందుకుని తనలోకి లాగేసుకుంటుందట. నదీచౌర్యం అంటారట. దానికి లక్షల ఏళ్ళు పడుతుందని రాశారు. ఆ రాసినాయన దగ్గర మేకలు ఉండి ఉండవు.

పారతో తవ్వితే వారంలో దొరికిపోతాను. కొండ మీద తిరిగే ఆకాశపు కన్ను ప్రతి శుక్రవారం గీతను ఫొటో తీస్తుంది. పార గాటుని ఇట్టే పడుతుంది. గిట్ట గాట్లు దాని లెక్కలో ప్రకృతి. ప్రకృతి గీతను జరిపితే కొత్త గీత చెల్లుతుంది. మనిషి చెయ్యి పడిందని తేలితే మాత్రం, కాపలాదారుల నిబంధనల్లో తొమ్మిదోది చదవాలి: ఉన్న గీత రద్దు, రెండు లోయల వాళ్ళూ వచ్చి మళ్ళీ చెంబు పొయ్యాలి, చెయ్యి పెట్టినవాడు కొండ దిగి మళ్ళీ ఎక్కకూడదు.

చెంబు సంగతి రాయకపోతే ఈ పగ సంగతి ఎవరికీ అర్థం కాదు. గీత ఎటు పోతుందో తేలని చదునైన చోట, ఇరుపక్షాల ముందూ సర్వేదొర చెంబుడు నీళ్ళు పోస్తాడు. నీళ్ళు ఎటు నడిస్తే నేల అటు. మిషన్లు ఎన్ని వచ్చినా జనం దీన్నే నమ్ముతారు, ఎందుకంటే ఇది కళ్ళ ముందు జరుగుతుంది.

ఈ కనుమలో అప్పుడు మా ఊరుండేది, గుమ్మిపాడు, ముప్ఫై ఎనిమిది ఇళ్ళు. పక్కనే గుమ్మేరు. ఊరు తూర్పు లోయకి పడితే ఉంటుంది. పడమటి లోయకి పడితే ఉండదు, ఎందుకంటే పడమటివాళ్ళు తమ చెరువులోకి వచ్చే ఏటి పక్కన మనిషిని ఉండనివ్వరు. సర్వే చెయ్యడానికి వచ్చినవాడు మార్తాండరావు. చెంబు పొయ్యడానికి ముందురోజు ఆయనకి విందు చేశాం. నేను ఆయన కూర కోసమే పనసచెట్టెక్కి కాయ కోస్తున్నాను. పైనుంచి చూస్తే ఆయన ఒక్కడే చదును మధ్యకి వచ్చి, బూటు మడమతో నేలను ఇంతబారున గీశాడు, వేలెడు లోతు. బూటుకి పేడ అంటుకుందేమో, రాసుకుంటున్నాడనుకున్నాను. ఆ మాట తలుచుకుంటే ఇప్పటికీ నా చెంప నేనే వాయించుకోవాలనిపిస్తుంది. మర్నాడు నీళ్ళు ఆ గాడిలో పడి పడమటికి పోయాయి. పోతూ పోతూ గాడిని చెరిపేశాయి కూడా. నేను అరిచాను, నిరూపించమన్నారు.

ఆర్ద్రలో, జోరువానలో ఊరిని దింపేశారు. నా భార్య సీతాలుకి అప్పటికి నాలుగు రోజులుగా జ్వరం. రెండో మజిలీ దాటలేదు. ఏడు తిరక్కుండా ఈ కాపలా కొలువు అడిగి తీసుకుని నేనొక్కడినే మళ్ళీ ఎక్కాను.

పడమటి లోయలో ఆ చెరువు కింద ఇప్పుడొక పట్నం ఉంది. గుమ్మేరు గండిలో పడి తూర్పుకి తిరిగిన రోజున ఆ చెరువు ఎండుతుంది. ఆయన బతికుండగా ఎండాలి. నా కోరిక ఇంతే, ఎక్కువ లేదు.

మృగశిర, ఆరో రోజు

ఇవాళ కొండమ్మ వచ్చింది. గండి దిగిన అడుగున, తూర్పు లోయ అంచులో, మా ఊరివాళ్ళు ఇరవై కుటుంబాలు గుడిసెలు వేసుకున్నారు. దిగువ గుమ్మి అంటారు. కొండమ్మ సీతాలుకి చెల్లెలి వరస. పదిహేను రోజులకొకసారి కంచరగాడిద మీద నాకు బియ్యం, పప్పు, ఉత్తరాలు తెస్తుంది. నా గుడిసె ముందు కూర్చుని నా వంటని తిట్టి, తిని వెళుతుంది.

ఇవాళ తిట్టలేదు. ఇత్తడి గిన్నెలో నీళ్ళు తెచ్చి నా ముందు పెట్టింది. ఎర్రగా ఉన్నాయి.

"ఏటి బావా ఇది?"

"నీళ్ళు."

"నాకూ తెల్సు. మా గెడ్డలో పారే నీళ్ళు ఇలగ ఎందుకున్నాయని అడగతన్నాను. రెండేళ్ళ నుంచి మసగ్గా ఉండేవి. ఈయేడు వండుకుంటే గిన్నడుగున వేలెడు మన్ను. మొన్న నీ గొట్టం కురిసిన ఆ నాలుగు చినుకులకే గండిలోంచి రాయొకటి దొర్లొచ్చి దాలెమ్మ పెరట్లో కూకుంది. గేదంతుంది. దాలెమ్మింటోళ్ళు దానిమీద వొడియాలు ఎడతన్నారు గానీ, నాకు నిద్దర పట్టట్లేదు."

"కొండన్నాక రాళ్ళు దొర్లవా?"

"నీ మేకలు అక్కడే ఎందుకు గోకతన్నాయి బావా?"

"వాటి కాళ్ళు, వాటిష్టం."

ఆమె నా మొహంలోకి చూసింది. ఉత్తరం ఇచ్చింది. రెండుసార్లు చదివాను. పడమటి లోయ నీటిసంఘం అధ్యక్షులు శ్రీ మార్తాండరావుగారు, తమ పేరు పెట్టబోతున్న చెరువుకి మూలమైన కనుమను ఆర్ద్ర మూడో రోజున దర్శిస్తారట. నాలుగో రోజున పెద్దవాన వంతు ఉంది, దాన్ని కూడా చూసి దిగుతారట. పెద్దవాన అంటే గొట్టం ఒక్కరోజులో ముప్ఫై బస్తాలు ఊదడం. ఆ వానకి మిగిలిన రెండు బారలూ నిలవవు. అంటే ఆయన తన కాళ్ళ మీద నిలబడి, తన కళ్ళతో చూస్తాడు. గుమ్మేరు ఆయన ముందే వెనక్కి తిరిగి తూర్పుకి దూకుతుంది.

ఇంత బాగా కుదురుతుందని నేను అనుకోలేదు. సాయంత్రం మేకలకి రెండు గుప్పిళ్ళు చల్లాను.

మృగశిర, ఏడో రోజు

గేదంత రాయి చూసిరావాలనిపించింది. దిగాను. దిగడం అరపూట, ఈ మోకాళ్ళతో ఎక్కడం పూట.

రాయి గేదంత లేదు. గేదా దూడా కలిపినంత ఉంది. దాని మీద వొడియాలు ఎండుతున్నాయి. నేను రాయిని వదిలి అది వచ్చిన దారి వెంట పైకి చూశాను. ముప్ఫై ఒక్క ఏళ్ళుగా నేను గండిని ఎప్పుడూ పైనుంచే చూశాను. కింద నుంచి అదే మొదటిసారి. నూట ఎనిమిది బారల పొడవునా నా మేకలు వదులు చేసిన మట్టీ, రాళ్ళూ ఎక్కడికీ పోలేదు. గండి సగంలో, ఒక మెలిక దగ్గర మేటవేసి నిలబడి ఉన్నాయి. ఒక చిన్న గుట్ట. దాని కింద ఇరవై కప్పులు. గుమ్మేరు మొత్తం ఒక్కసారిగా వచ్చి దాన్ని తోస్తే ఏమవుతుందో తెలియడానికి భూగోళం చదవక్కర్లేదు. ఏరు కొండని కొరికితే కొరికినదాన్ని ఎక్కడ కక్కుతుందన్న సంగతి, నాకు దొరకని ఆ అరవై రెండు పేజీల్లో ఎక్కడో ఉండి ఉంటుంది. నేను నీళ్ళను లెక్కపెట్టాను. మట్టిని లెక్కపెట్టలేదు.

కొండమ్మ వెనకే వచ్చి నిలబడింది. ఆమెకి అంతా చెప్పేశాను. ఉప్పు దగ్గర్నుంచీ చెప్పాను.

"నాకు తెల్సు," అంది. "ఉప్పుకి మేకలొస్తాయని తెలీడానికి పుస్తకాలు సదవాలా? ఆడి మీద నీకున్నంత మంట నాకూ ఉంది. మా అప్ప ఒళ్ళు నేనూ మోసినాను. అందుకే ఇన్నాళ్ళూ నోరు మూసుకున్నాను."

"అయితే ఇంకెంత, పదకొండు రోజులు. ఆర్ద్ర రెండో రోజుకి మీరంతా సామాన్లు సర్దుకుని అవతలి మెట్టకి వెళ్ళిపోండి. వాన అయ్యాక..."

"వాన్లో."

"ఏమిటి?"

"ఆర్ద్రలో, వాన్లో, ముసిలోలినీ పిల్లల్నీ ఏసుకుని, ఇల్లొగ్గీసి లెగిసిపొమ్మంటన్నావు. నువ్వు." ఆమె గొంతు పెంచలేదు. "దాలెమ్మకి నాలుగు రోజుల్నుంచి జొరం బావా. ఎవుల్ని ఎవులు మోస్తారో అదీ నువ్వే సెప్పు."

నాకు ఏ విషయం మీదైనా పావుగంట మాట్లాడటం అలవాటు. ఇవాళ పైకి ఎక్కుతూ, ఆగిన చోటల్లా ఆ ఇరవై కప్పులనే లెక్కపెట్టుకున్నాను.

మృగశిర, పన్నెండో రోజు

మేకలను కట్టేశాను. నన్ను చూసి మొహం తిప్పుకుంటున్నాయి. నేల మీది ఉప్పుని చీపురుతో ఊడ్చాను.

దిగువ గుమ్మి నుంచి కదలగలిగినవాళ్ళంతా వచ్చారు. ఐదు రోజులుగా గండి అంచున రాళ్ళు పేర్చి, మధ్యలో మట్టీ, వెదురు తడకలూ కూరుతున్నాం. నేను ముప్ఫై ఒక్క ఏళ్ళు తిన్న కొండని నా చేతులతోనే తిరిగి కక్కుతున్నాను. రాయి ఎత్తిన ప్రతిసారీ మార్తాండరావు చెరువులో ఒక కడవ నీళ్ళు పోస్తున్నట్టుంది. ఒకసారి రాయి పక్కనపెట్టి కూర్చున్నాను. కొండమ్మ వచ్చి దాన్ని తీసుకుపోయి పేర్చింది. కట్ట గట్టిగానే వచ్చింది. పగ సంగతి ఏం చెయ్యాలో తెలియడం లేదు. అది ఆకలితోనే ఉంది, కట్టేసిన మేకలాగ.

ఆర్ద్ర కార్తె, మూడో రోజు

వచ్చాడు.

నాలుగు ఇనుపకాళ్ళ నడకకుర్చీలో వచ్చాడు. పదవిలో ఉన్నవాళ్ళకి ఇస్తారు దాన్ని. డెబ్భై ఎనిమిదేళ్ళు. చెవులు పెద్దవయ్యాయి, మనిషి చిన్నవాడయ్యాడు. వెంట ఇద్దరు నౌకర్లు, రెండు లోయలకీ ఉమ్మడి పరీక్షాధికారిణి నిరుపమ. ఆమె తన చంకలోని సాక్షిపెట్టెను చదును మీద పెట్టింది. గీత మీద పెద్దలు నిలబడ్డప్పుడు పలికిన ప్రతి మాటా ఆ పెట్టె రాసుకుంటుంది. దాంట్లో పడ్డది చెరగదు. కొండమ్మా, దిగువ గుమ్మివాళ్ళూ దూరంగా నిలబడ్డారు.

ఆయన నన్ను గుర్తుపట్టలేదు. నేను నా కలల్లో ఎన్నో రకాలుగా ఈ ఘట్టాన్ని నడిపించుకున్నాను. గుర్తుపట్టకపోవడం ఒక్కటీ వాటిలో లేదు.

"నీ పేరేమిటన్నావు? పైడన్నా. చాలా సంతోషం. ఆ గండికి అడ్డుకట్ట నువ్వే వేయించావట. అది తెగితే మా చెరువు గతి ఏమయ్యేదో ఈవిడ లెక్కలు కట్టి చెప్పింది. నీలాంటి విశ్వాసపాత్రులు ఉండబట్టే గీత నిలిచింది." నౌకరు శాలువా విప్పాడు. ఆయన కుర్చీలోంచే ముందుకి వంగి దాన్ని నా భుజాల మీద వేశాడు.

శాలువా మెత్తగా ఉంది. నేనేం కాపాడానో, ఎవరికి కాపాడానో అప్పుడు పూర్తిగా తెలిసింది. వాడి చెరువు నిండుతుంది, వాడి పేరు దానిమీద ఉంటుంది, వాడు నన్ను మెచ్చుకుని దిగిపోతాడు.

పెట్టె వైపు తిరిగి నిలబడ్డాను.

"నేను మూడో కనుమ కాపలాదారు పైడన్నని. వయసు డెబ్భై ఒకటి. ఈ గండిని ముప్ఫై ఒక్క ఏళ్ళుగా వెనక్కి తెచ్చింది నేను. మబ్బు ఉప్పు చల్లి మేకలతో గోకించాను. గుమ్మేటిని తూర్పుకి తిప్పాలని. గీత మీద మనిషి చెయ్యి పడింది. తొమ్మిదో నిబంధన కింద ఒప్పుకుంటున్నాను."

నిరుపమ పెన్ను ఆగింది. ఆమె చాలా నెమ్మదిగా అడిగింది: "తాతగారూ, ఇది ఒప్పుకుంటే ఏమవుతుందో తెలిసే అంటున్నారా?"

"తెలుసమ్మా. గీత రద్దు. చెంబు మళ్ళీ పొయ్యాలి. నేను దిగిపోవాలి."

"మళ్ళీ పొయ్యాలంటే, మొదటి చెయ్యి పడకముందు నేల ఎలా ఉందో అలా చెయ్యాలి. మీరు మొదటి చెయ్యి వేసినది ఏ రోజున?"

"నాది రెండోది. మొదటిది నాది కాదు. అది చెయ్యీ కాదు, కాలు. అదిగో, ఆ బాబుది. చెంబు పొయ్యడానికి ముందురోజు, ఈ చదును మీద, బూటు మడమతో గాడి గీశారు."

అప్పుడు మార్తాండరావు నన్ను చూశాడు. వచ్చాక మొదటిసారి చూశాడు. తర్వాత నవ్వాడు, నౌకర్లు కూడా నవ్వవలసినంత పెద్దగా.

"ఈ ముసలివాడికి ఎండదెబ్బ తగిలింది. గాడి ఏమిటి, గీయడమేమిటి? మిట్టమధ్యాహ్నం, ఊరంతా విందు వంటల దగ్గర ఉంటే, ఇక్కడెవడున్నాడు చూడటానికి?"

నేను ఏమీ అనలేదు. ఏమీ అనకుండా ఉండటం నా జీవితంలో అదే మొదటిసారి అయి ఉంటుంది.

నిరుపమ పెట్టె వైపు చూసి, ఆయన వైపు తిరిగింది.

"అయ్యా, ఆయన ముందురోజు అన్నారు. మధ్యాహ్నమని అనలేదు. విందు అని కూడా అనలేదు."

ఆయన నోరు తెరిచి, పెట్టెను చూసి, మూశాడు. వెనక నుంచి కొండమ్మ గొంతు వినబడింది:

"గేపకం లేదనుకున్నాం బాబూ. అన్నీ గేపకమున్నాయే."

శాలువా తీసి మడతపెట్టి, ఆయన ఒళ్ళో పెట్టాను.

ఆర్ద్ర, ఐదో రోజు

నిన్న పెద్దవాన వంతు ఆపలేదు. ఉప్పు నిరుపమ పోసింది. నేను గొట్టం ముట్టుకోకూడదు కనక పక్కన నిలబడి తప్పులు చెప్పాను. కట్ట నిలిచింది. దిగువ గుమ్మిలో ఎవరూ ఇల్లు కదలలేదు.

ఇవాళ పొద్దున్న ఉత్తర్వు చదివారు. గీత రద్దు. గుమ్మేరు ఎవరిదో, కనుమ ఎవరిదో వానలు వెళ్ళాక, చదునుని పాత మట్టం దాకా చెక్కి, రెండు లోయల పెద్దల ముందు కొత్త చెంబుతో తేలుస్తారు. అది ఎటు పోతుందో నాకు తెలియదు. తిన్నగా పోస్తే ఎటు పోయినా సరే అన్నారు మావాళ్ళు. చెరువుకి పేరు పెట్టే సంగతి ఆగిపోయింది. మేకలు కొండమ్మవి.

చెయ్యి పెట్టినవాడినీ, కాలు పెట్టినవాడినీ ఇవాళే దింపెయ్యాలని కూడా రాశారు. మా ఇద్దరినీ కలిపి, ఒకే జట్టుగా, పడమటి దారిన. పదవి పోయినవాడికి నడకకుర్చీ ఇవ్వరట. దాన్ని మడిచి నౌకర్లు ముందే దింపుకుపోయారు. ఆయనకి చేతికర్ర ఇచ్చారు.

పైన సన్నటి వాన. ఆయన గుడిసె గుమ్మంలో నిలబడి దారి వైపు చూస్తున్నాడు. ఎంత దూరమని నన్నే అడిగాడు. పద్నాలుగు మలుపులు, మీ వయసుకీ నా వయసుకీ మూడు రోజులు పడుతుంది బాబూ అన్నాను. ఇంకో దారి లేదా అన్నాడు. ఉత్తర్వులో లేదన్నాను. మాట్లాడకుండా నడుద్దాం అన్నాడు.

గుమ్మిపాడులో ముప్ఫై ఎనిమిది ఇళ్ళు. ఏ ఇంట్లో ఎవరుండేవారు, ఏం వండుకునేవారు, ఎవరి గుమ్మం ఎటు ఉండేది, దింపిన రోజున ఎవరు దేన్ని మోసుకుంటూ దిగారు, అన్నీ నాకు తెలుసు. మలుపుకి మూడిళ్ళు చెప్పినా సరిపోతుంది. ఆయన చెవులు బాగానే పనిచేస్తున్నాయి, పరీక్షించాను. నాకు ఏ కథనీ త్వరగా ముగించే అలవాటు లేదు.

పుస్తకం సంచీలో పెడుతున్నాను. దారిలో మొదటి మలుపుని దాలెమ్మగారింటితో మొదలుపెడతాను.